మనవాళ్ళ వాసన

పెళ్లయ్యాక వారిజకి ఇంట్లో ఏది చూసినా నవ్వొస్తోంది. బాత్రూంలో ఒకే గ్లాసులో ఒకదాని భుజం మీద ఒకటి వాలిన రెండు బ్రష్షులు చూస్తే నవ్వు. కొత్త కుక్కర్ కూత వేసే ముందు ఊపిరి బిగబట్టిన పిల్లాడిలా ఒక్క క్షణం ఆగితే నవ్వు. పోలీసు ఉద్యోగం చేసే మనిషి లుంగీ పైకి కట్టి, నాలుక కొస కొద్దిగా బయటపెట్టి, అనాసపండు కళ్ళు ఒక్కొక్కటే చాకుతో తీస్తూ కూర్చుంటే మరీ నవ్వు.

"దర్యాప్తు చేస్తున్నారా, పండు కోస్తున్నారా? మీరు ముగించేలోపు నా ఆకలి చచ్చిపోయేలా ఉంది."

"ఒక్క కన్ను మిగిలినా నీ నాలుకే గీరుకుపోతుంది. తర్వాత మీ అమ్మగారు నన్నడుగుతారు" అన్నాడు శశిభూషణ్, తల ఎత్తకుండానే.

అతను గంజాయి ముఠాల కోసం విశాఖ మన్యంలో తిరిగే ప్రత్యేక దళంలో ఎస్సై. ఆమె ఆ దళం తెచ్చే సాక్ష్యాలని పరీక్షించే ప్రయోగశాలలో శాస్త్రవేత్త. సీలు వేసిన సంచీలు అప్పగిస్తూ ఒకరు, సంతకం పెడుతూ ఒకరు, అలా కౌంటరు దగ్గరే పెళ్లిచూపులు అయిపోయాయని స్నేహితులు ఇప్పటికీ ఏడిపిస్తారు.

పండు తెచ్చింది దళం జీపు నడిపే సన్యాసిరావు. కొండెక్కిన ప్రతిసారీ ఒక పండో, పనస తొనలో తెచ్చి "మేడంగోరికి" అని ఇచ్చి పోతాడు. పెళ్లినాడు కారుకి బంతిపూల దండలు చుట్టి, దారంతా హారన్ మోగిస్తూ వీళ్ళిద్దర్నీ ఈ ఇంటి గుమ్మం దాకా తెచ్చి దింపింది కూడా అతనే.

వారిజ అద్దం ముందు కూర్చుని మెడలోని తాడుకి తడిపసుపు రాసుకుంటోంది. పదహారు రోజుల పండుగ ఇంకా కాలేదు. అది అయ్యాకే ఈ పసుపుతాడు తీసి బంగారు గొలుసు వేస్తారు. అందాకా రోజూ స్నానం కాగానే తాడుకి పసుపు పట్టించాలని అత్తగారు ఫోన్ చేసి మరీ గుర్తుచేస్తున్నారు. వారిజకి శకునాల మీద నమ్మకం లేదు. అయినా ఆ చల్లటి పసుపు మెడ మీద ఆరుతూ సన్నగా లాగుతుంటే, ఎవరో వెనకనుంచి పిలుస్తున్నట్టుండి, అదీ బాగుంటోంది.

"మరి మీ ముక్కయ్యకి ఈ వాసన తగలదూ?" అడిగాడు శశిభూషణ్.

ముక్కయ్య అంటే ప్రయోగశాలలో వాసనలు పట్టే యంత్రం.

"నా వాసన వాడికి అలవాటే. నేను ఎదురుగా ఉన్నా లేనట్టే ఊరుకుంటాడు."

"పోనీ తాడు తీసేసి వెళ్తే?"

ఆమె గబుక్కున లేచి పసుపు చేత్తోనే అతని నోరు మూసేసింది. "కొండెక్కబోతూ ఏం మాటలండీ అవి!"

"నీకు నమ్మకాల్లేవుగా" అన్నాడతను ఆమె వేళ్ళ సందుల్లోంచి.

"లేవు. అయినా సరే. ఇదిగో, వినండి. వారిజ తాడు తీసిందని ఎవరైనా మీతో అంటే, ఆ చుట్టుపక్కల ఒక్కణ్ణీ నమ్మకండి."

"చిత్తం తల్లీ" అన్నాడు, పసుపు మూతితో.

ఆ మూతి చూసి నవ్వింది గానీ ఆ నవ్వు లోపలిదాకా పోలేదు. కిందటి నెల ఇదే దళంలోని అప్పలస్వామి అనే కానిస్టేబుల్ కొండెక్కి మళ్ళీ దిగలేదు. ఘాట్ రోడ్డు మలుపులో బ్రేకు పట్టక జీపు లోయలోకి జారింది. సన్యాసిరావు ఆఖరి క్షణంలో దూకేసి మోచేతి గీతలతో బతికాడు. అతని అదృష్టాన్ని అందరూ వింతగా చెప్పుకున్నారు. ఆ వారం దళం వెళ్ళాల్సిన చోటికి మర్నాడు వేరేవాళ్ళు వెళ్తే అక్కడ ఖాళీ నేల, కొత్తగా చిమ్మిన చీపురు గీతలు తప్ప ఏమీ లేవు. ఎప్పుడూ అంతే. దొరికితే సరుకు దొరుకుతుంది. మనిషి దొరకడు.

కింద హారన్ మోగింది. వారిజ బాల్కనీలోకి వెళ్లి వంగి చూసింది.

"మేడంగోరూ! పండు తియ్యగుందా?"

"తేనెలా ఉంది సన్యాసిరావూ! నెమ్మదిగా నడుపు!"

"నాను తోల్తే ఉయ్యాల్లో పడుకున్నట్టే ఉంటాది మేడంగోరూ!"

వెనక సీట్లో ఇద్దరు కానిస్టేబుళ్ళు నవ్వారు. శశిభూషణ్ ఎప్పట్లాగే ముందు, డ్రైవరు పక్కన కూర్చుని, పైకి చూసి మూతి తుడుచుకున్నాడు. పసుపు ఇంకా పోలేదు.

* * *

ప్రయోగశాల సముద్రానికి ఎదురుగానే ఉంటుంది, కానీ ఆ వైపు కిటికీ ఒక్కటీ తెరవరు. ఉప్పుగాలి కూడా వాసనే. లోపలికి వచ్చేవాళ్ళు పూలు పెట్టుకోకూడదు, తలకి నూనె రాయకూడదు, పౌడరు, సెంటు, అగరొత్తుల పొగ, ఏదీ పనికిరాదు. డైరెక్టర్ కమలాకరం గారు గుమ్మం దగ్గరే నిలబడి, ఇంటర్వ్యూకి వచ్చిన పిల్లల్ని చూసినట్టు పైనుంచి కిందికి చూస్తారు. ఒకసారి మంత్రిగారు వస్తే ఆయన భుజం మీది కండువా తీయించి బయట కొక్కేనికి తగిలించిన మనిషి.

పెళ్లి తర్వాత మొదటి రోజు వారిజ జడలో మల్లెలు తీసి గుమ్మం దగ్గర ఊడ్చే నూకరత్నం చేతిలో పెట్టి లోపలికొచ్చింది. కమలాకరం గారి చూపు ఆమె మెడ మీద ఒక్క క్షణం ఆగి, గోడ మీద గడియారం వైపు తిరిగిపోయింది. ఆయన ఏమీ అనలేదు. ఆమె ఏమీ అనుకోలేదు.

ఇవాళ పని చిన్నదే. కోర్టుకి ఇచ్చే నివేదిక కోసం, ముందు ఒకసారి చేసిన పరీక్షనే మళ్ళీ చేసి చూపాలి. వారిజ ఒక గంజాయి పొట్లానికి చుట్టిన గోధుమరంగు టేపు లోపలి పొర కత్తిరించింది. పొట్లం కట్టినవాడి వేలు ఆనిన చోటే జిగురు వాడి చెమటని పట్టి దాచుకుంటుంది. పైనుంచి ఎంతమంది ముట్టుకున్నా లోపలి జిగురు మీద మాత్రం కట్టినవాడే ఉంటాడు. ఆ ముక్కని గాజు గొట్టంలో వేసి మీట నొక్కింది. ముక్కయ్య గురక పెట్టినట్టు గాలి పీల్చడం మొదలుపెట్టాడు. కుక్కర్లో అన్నం ఉడికేంత సేపు పడుతుంది.

తెరమీద గీత మెల్లగా లేచి పడుతూ కొండల వరసలా సాగుతుంది. ఏ ఇద్దరు మనుషుల వరసా ఒకలా ఉండదు. అది దేని వాసన అన్నది యంత్రం చెప్పదు. ఎవరి వాసన అన్నదే చెబుతుంది. అయితే ముందుగా మనవాళ్ళని తీసేస్తుంది. పొట్లాలు పట్టేది దళంవాళ్ళు, విప్పేది ప్రయోగశాలవాళ్ళు కాబట్టి వీళ్ళందరి వాసనలూ ముందే యంత్రానికి నేర్పి, ఇవి కనిపిస్తే చెరిపేయమని చెప్పారు. అందుకోసం దళమంతా చంకల్లో దూది పెట్టుకుని ఇదే వరండాలో బెంచీల మీద కూర్చున్న రోజు వారిజ పొట్ట పట్టుకుని నవ్వింది. "ఇది ఏ జబ్బుకి మేడంగోరూ?" అని సన్యాసిరావు అమాయకంగా అడగడం ఇంకా చెవిలో ఉంది.

మనవాళ్ళు పోగా మిగిలిందే నేరస్తుడు. పెళ్లయి వచ్చిన మొదటి రోజే ఆ మిగిలిన గీత దొరికింది. పక్కపక్కనే నిక్కిన రెండు శిఖరాలు, ప్రతి పొట్లం మీదా అవే. "జంట శిఖరాలవాడు" అని పేరు పెట్టారు. ఆ గీతని చేతిలో పట్టుకునే చిన్న యంత్రంలోకి ఎక్కించి దళానికి ఇచ్చారు. మొన్న చెక్‌పోస్టు దగ్గర పసుపు బస్తాలతో వస్తున్న పాంగి బొజ్జన్న అనే రైతు దగ్గర ఆ యంత్రం కీచుమని అరిచింది. నాలుగింట మూడొంతులు సరిపోతే చాలని నేర్పారు దానికి. మూడొంతులూ సరిపోయాయి.

"నోరు విప్పడం లేదమ్మా" అని సీఐ నరసింగరావు నిన్న ఫోన్లో అన్నాడు. తర్వాత సాయంత్రం, "విప్పాడు. ఘాటు పైన పాత కాఫీ షెడ్డంట. రేపు మీ ఆయన్ని పంపుతున్నా" అన్నాడు. ఎలా విప్పాడో వారిజ అడగలేదు.

గీత పూర్తవుతోంది. ఆమె చేతిలోని పెన్ను జారి బల్ల కింద పడింది. తీయడానికి వంగింది. మెడ గొట్టం మూతికి దగ్గరగా వచ్చింది. తెరమీద జంట శిఖరాలు ఒక్కసారి నిట్టనిలువుగా లేచాయి.

ఆమె వెనక్కి జరిగింది. శిఖరాలు కుంగాయి.

పెన్ను చేతిలోనే ఉంది. కావాలనే మళ్ళీ వంగింది. శిఖరాలు మళ్ళీ లేచాయి.

 తన వాసన యంత్రానికి తెలుసు. చెరిపేస్తుంది. కానీ దూది పెట్టుకుని ఆ వాసన ఇచ్చింది పెళ్లికి ముందు. గదిలో వేరే వాసన లేదని తేల్చడానికి ఖాళీ గొట్టంతో చేసిన పరీక్షలూ పెళ్లికి ముందువే. అప్పుడు మెడలో ఈ తాడు లేదు. రోజూ తడిపసుపు పట్టించుకుని వచ్చి, ఈ గొట్టం మీదకి వంగి తాను చేసిన ప్రతి పరీక్షలోనూ...

జంట శిఖరాలవాడు అంటూ ఎవడూ లేడు. ఆ కొండలు పసుపువి. ఇప్పుడు మన్యంలో ఎక్కడ చూసినా పసుపు ఉడకబెట్టి ఎండబోసే కాలం. ఏ గూడెంలో ఎవర్ని నిలబెట్టినా ఆ చిన్న యంత్రం కీచుమంటుంది.

"సార్" అంది.  కమలాకరం గారు వచ్చారు. ఆమె ఏమీ చెప్పకుండా వంగి, లేచి చూపించింది. ఆయన కళ్ళజోడు తీసి చేతిలో పట్టుకున్నారు.

"ఆ రోజు చూశానమ్మా" అన్నారు. "మంత్రి కండువా తీయించాను. కొత్త పెళ్లికూతుర్ని తాడు తీసి రమ్మని నోరెలా వస్తుంది?"

* * *

తాడు మెడలో ఉండగా పరీక్ష చేయడం కుదరదు. తెలిసినవాళ్ళు వేరెవరైనా చేయొచ్చు కదా అంటే, ఈ గదిలో గాలంతా ఇప్పటికే పసుపు. తాడు సీసాలోకి పోవాలి, గది గాలి మారాలి, ఆమె మెడ కడుక్కోవాలి.

వారిజ వాష్ బేసిన్ ముందు నిలబడి ముడి మీద చేయి వేసింది. మూడు ముళ్ళు. పెళ్లిలో శశిభూషణ్ ఈ మూడో ముడి వేస్తూ వేళ్ళు వణికి రెండుసార్లు జారవిడిస్తే పురోహితుడు కోప్పడ్డాడు. ఆ ముడే అన్నిటికంటే గట్టిగా బిగుసుకుంది.

"ఓలమ్మ! ఏటి సేత్తన్నావమ్మా?" నూకరత్నం తుడుస్తున్న గుడ్డ వదిలేసి పరుగెత్తుకొచ్చింది. ప్రయోగశాలలో అందరికంటే పాత మనిషి, వారిజ పెళ్లికి వంటల దగ్గర నిలబడి అందరికీ కొసరి కొసరి వడ్డించింది ఆవిడే. "బాబుగోరు కొండమీదున్నారు గదమ్మా! ఈ పూట తాడు తీత్తావేటమ్మా? నీకు పున్నెముంటాది, ఆయన దిగొచ్చీదాకా ఆగు!"

"ఆగితే ఆయనే దిగిరారేమో రత్నమ్మా."

ఎందుకలా అందో ఆమెకే తెలియదు. అప్పటికి ఇంకేమీ తెలియదు. తెలిసిందల్లా ఇంతే: కొట్టి చెప్పించిన మాట పట్టుకుని, తప్పు గీత పట్టుకుని, తన భర్త కొండెక్కుతున్నాడు. నమ్మకాలు లేవని వందసార్లు అనుకుంది. వేళ్ళు మాత్రం ఆ మాట వినలేదు. ముడి విడిపోయినప్పుడు మెడ చుట్టూ చల్లటి గాలి తగిలింది. సూత్రాలు రెండూ గాజు సీసా అడుగున పడి చిన్నగా టంగుమన్నాయి. నూకరత్నం మొహం తిప్పేసుకుంది.

కమలాకరం గారే మూత బిగించి, లక్క వేశారు. గది గాలి మార్చే పంకాలు తిరిగాయి. వారిజ మెడ ఎర్రబడేదాకా కడుక్కుంది. కొత్త టేపు ముక్క, కొత్త గొట్టం. మీట నొక్కింది.

గీత మొదలైంది. సాగింది. సాగుతూనే ఉంది.

ఒక్క కొండా లేవలేదు. తెర ఈ చివరి నుంచి ఆ చివరికి అద్దం మీద నీటి అంచులా చదును.

"ఎవరూ లేరు" అన్నారు కమలాకరం గారు.

"పొట్లం దానంతట అది కట్టుకోదు సార్."

 తప్పు మనిషి కనిపించినప్పటికంటే ఎవరూ కనిపించకపోవడమే వారిజకి ఎక్కువ భయం వేసింది. ఖాళీ ఇంట్లో ఎవరో ఊపిరి పీలుస్తున్న చప్పుడు విన్నట్టుంది. కట్టినవాడు ఉన్నాడు. వాడి చెమట జిగురులోనే ఉంది. యంత్రం వాణ్ణి చూసింది. చూసి, చెరిపేసింది.

ఎందుకు చెరిపేస్తుంది?

"మనవాళ్ళ వాసన పట్టించుకోవద్దని మనమే నేర్పాం" అంది వారిజ. 

చెరిపివేతని ఆపుచేసి మళ్ళీ మీట నొక్కింది. ఈసారి కొండలు వరసగా లేచాయి. తనవి, ఎడమన, చిన్నవి. కమలాకరం గారివి. వాటికి అవతల మూడో వరస, ఎత్తుగా, పదునుగా, జిగురు నిండా. ఆమె ఒక్కొక్క పేరూ నొక్కుతూ పోల్చింది. శశిభూషణ్ పేరు దగ్గర వేలు నొక్కలేక ఆగింది. ఒక్క క్షణమే. కానీ ఆ క్షణంలో రెండు బ్రష్షుల గ్లాసు, పసుపు మూతి, లుంగీ, అనాసపండు అన్నీ ఆమె ముందు తిరగబడి, తెలియని ఇంటివిలా కనిపించాయి. నొక్కింది. సరిపోలేదు. ఏడుపొచ్చింది, ఆపుకుంది. తర్వాత పేరు నొక్కింది.

గీత మీద గీత, వెంట్రుకవాసి తేడా లేకుండా కూర్చుంది.

సన్యాసిరావు.

అప్పలస్వామి పడిపోయిన జీపు తోలింది సన్యాసిరావు. ఆఖరి క్షణంలో దూకింది సన్యాసిరావు. ఇప్పుడు ఘాట్ రోడ్డు మీద, కాఫీ షెడ్డు వైపు తోలుతున్నదీ సన్యాసిరావే. అతని పక్క సీట్లో...

నోట్లో ఇంకా పొద్దుటి అనాసపండు తీపి ఉంది. వారిజ బేసిన్ దగ్గరికి పరుగెత్తి వాంతి చేసుకుంది.

* * *

పోలీసు స్టేషన్ అదే ఆవరణలో, రెండు భవనాల అవతల. శశిభూషణ్ ఫోన్ అందడం లేదు. మొదటి ఘాటు దాటితే ఎవరి ఫోనూ అందదు. వారిజ సీఐ గదిలోకి చెప్పులు లేకుండా వెళ్లి నిలబడింది. వెనకే కమలాకరం గారు ఆయాసపడుతూ వచ్చి, గీతల కాగితం బల్లమీద పెట్టి రెండు ముక్కల్లో చెప్పారు.

నరసింగరావు కాగితం వంక చూడలేదు. "సన్యాసా? మా అమ్మాయి ఓణీల ఫంక్షన్‌కి షామియానాలు కట్టించాడయ్యా వాడు!"

"మా పెళ్లికి కారు తోలాడు సార్" అంది వారిజ.

ఆ మాటకి ఆయన ఆమె మొహం చూశాడు. తర్వాత మెడ చూశాడు. కుర్చీలోంచి లేచాడు.

"సెట్టులో చెప్దాం" అని వైర్‌లెస్ వైపు రెండడుగులు వేసి ఆగిపోయాడు. "జీపులో సెట్టు వాడి మోకాలి పక్కనే ఉంటుంది. మనం అన్న ప్రతి ముక్కా వాడి చెవిలో పడుతుంది. అనుమానం వచ్చిందా, బండిని లోయవైపు తిప్పి దూకేస్తాడు. అలవాటున్న పని."

 సెట్టు ఒక్కటే ఉస్సుమంటోంది.

"నేను మాట్లాడతాను" అంది వారిజ. "మొగుడూ పెళ్ళాల గొడవలా ఉండాలి. మీరు కలపండి."

సీఐ ఆమె వంక అనుమానంగా చూసి, మైకు అందుకున్నాడు. ఆ మనిషి గొంతు మార్చడం చూస్తే నాటకాల్లో వేషాలు వేసి ఉంటాడనిపించింది. "ఏమయ్యా శశీ, ఎక్కడున్నారు? మీ ఆవిడ వచ్చి ఇక్కడ ఒకటే ఏడుపు. నా స్టేషన్ ఏమన్నా కాపురాల కోర్టా? ఒక్క ముక్క మాట్లాడి ఊరుకోబెట్టు. ఓవర్."

సెట్టులో గరగర. వెనక ఎవరో నవ్వారు. ఇంజను ఎగశ్వాసలా మూలుగుతోంది, ఎక్కుతున్నారు.

"ఏమైంది వారీ? ఓవర్" అన్నాడు శశిభూషణ్. గొంతులో సిగ్గు.

ఆమె మైకు అందుకుంది. "ఏమీ కాలేదు. తాడు తీసేశాను."

 తర్వాత సన్యాసిరావు గొంతు, దగ్గరగా, సరదాగా: "కొత్త పెళ్లాం అలిగినాది సార్! దిగ్గానే సీర కొనాల!"

కానిస్టేబుళ్ళ నవ్వు.

"ఏమన్నావ్?" అన్నాడు శశిభూషణ్.

"తాడు తీసేశానన్నాను. పొద్దున పసుపు చేత్తో మీ నోరు మూసి నేనేం చెప్పానో, గుర్తుంటే అది చెయ్యండి. గుర్తు లేకపోతే ఇంటికి రాకండి." ఆఖరి మాట నిజంగా ఏడుపుతోనే వచ్చింది.

ఇంజను మూలుగు. మలుపు దగ్గర హారన్.  ఆమె కళ్ళు మూసుకుంది. గుర్తు తెచ్చుకోండి. ఆ చుట్టుపక్కల ఒక్కణ్ణీ. ఒక్కణ్ణీ.

"గుర్తుంది వారీ" అన్నాడు నెమ్మదిగా. "కోపం తగ్గించుకో. వచ్చి నేనే కడతాను." తర్వాత, మైకుకి కొంచెం దూరంగా, "సన్యాసీ, ఒక్కసారి బండి పక్కకి ఆపవయ్యా, కాలుమడుచుకోవాలి."

"ఇక్కడ కాదు సార్. ఆ మలుపు తిరిగినాక మంచి సోటు ఉంది."

"ఇక్కడే ఆపు."

"మలుపు తిరగనీండి సార్..."

టక్‌మని సెట్టు మూగబోయింది.

సీఐ పిలిచాడు. మళ్ళీ పిలిచాడు. ఉస్సుమనే చప్పుడు తప్ప జవాబు లేదు. నర్సీపట్నం వైపు నుంచి ఇంకో బండిని పంపమని అరిచాడు, ఎవరో పరుగెత్తారు. వారిజ బల్ల అంచు పట్టుకుని నిలబడింది. ఆమె చేయి పదేపదే మెడ దగ్గరికి పోయి, అక్కడ ఏమీ దొరక్క తిరిగొస్తోంది. తీయకపోయి ఉంటే తెలిసేది కాదు. తీసింది కాబట్టే ఏదైనా అయిందేమో. రెండు ఆలోచనలూ ఒకదాని మెడ ఒకటి పట్టుకుని తిరుగుతున్నాయి. చదివిన చదువంతా మొదటిదాని పక్షం. మెడ మాత్రం రెండోదాని పక్షం.

సెట్టు ఒక్కసారి గర్‌మని లేచింది. ఎవరిదో అరుపు, "పట్టుకో, పట్టుకో" అని. ఏదో ఇనుము విరిగిన చప్పుడు. మళ్ళీ ఉస్సు.

నూకరత్నం ఎప్పుడొచ్చిందో, వెనకనుంచి వచ్చి వారిజ భుజాలు పట్టుకుంది.  ఇందాకటి మాట గురించి ఏమీ అనలేదు.

ఎండ కిటికీ మీదనుంచి నేలమీదికి, నేలమీదనుంచి గోడ మీదికి జరిగింది. అప్పుడు వచ్చింది ఒక కానిస్టేబుల్ గొంతు, ఏడుస్తోందో నవ్వుతోందో తెలియకుండా. "సార్... బండి కొండకి గుద్దేశాం సార్. లోయవైపు కాదు, కొండవైపు. ఎస్సైగారే స్టీరింగు లాగేశారు. భుజం ఎముక విరిగినట్టుంది. మనిషి బానే ఉన్నారు. సన్యాసిని కట్టేశాం సార్. మలుపు అవతల రోడ్డుకి అడ్డంగా చెట్టు కొట్టి పడేసుంది. మేం గుద్దిన చప్పుడుకి ఎవళ్ళో నలుగురైదుగురు పైకి పారిపోయారు. ఓవర్."

వారిజ వెనక్కి తిరిగి నూకరత్నం చేతులు పట్టుకుంది.

* * *

శశిభూషణ్ చేతికి కట్టుతో దిగేసరికి సాయంత్రం ఎండ ఎర్రబడింది. స్టేషన్ మెట్ల దగ్గర నలుగురూ చూస్తుండగానే ఆమె అతని చొక్కా పట్టుకుని, వదల్లేదు. మూతి చివర పసుపు ఇంకా సన్నగా ఉంది.

"ఏదీ తాడు? కడతానన్నానుగా."

"అది సీసాలో ఉంది. లక్క వేశారు. సాక్ష్యం."

"ఒక్క చేత్తో మూడు ముళ్ళు వెయ్యడం నేర్చుకోవాల్సొచ్చేట్టుంది" అన్నాడతను. నవ్వబోతే భుజం నొప్పికి మొహం ముడుచుకుంది.

లోపల సీఐ గట్టిగా మాట్లాడుతున్నాడు. కమలాకరం గారి భుజం తడుతూ, "చిన్న పొరపాటేగా సార్, సరిదిద్దేశారు. ఇంక మీ ముక్కయ్యకి తిరుగులేదు. రేపట్నుంచి ప్రతి చెక్‌పోస్టుకీ ఒకటి కావాలి" అంటున్నాడు. కమలాకరం గారు నేల చూస్తున్నారు.

"బొజ్జన్న ఎక్కడ?" అడిగింది వారిజ.

వరండా చివర బెంచీ మీద ఉన్నాడు. వదిలేశారు. వెళ్ళొచ్చని చెప్పి చాలాసేపయిందట. అరికాళ్ళు నేలకి ఆనించలేక పాదాలు పక్కకి వాల్చి కూర్చున్నాడు. పక్కన అతని భార్య, కొంగులో ఏదో మూట పట్టుకుని. పసుపు తవ్వి, కడిగి, ఉడకబెట్టి, ఎండబోసిన చేతులు అతనివి. గోళ్ళ కింద, గీతల్లో, మణికట్టు మడతల్లో ఎన్ని నీళ్ళు పోసినా పోని పసుపు.

వారిజ అతని ముందుకెళ్లి నిలబడింది. దారిలో ఎన్నో మాటలు అనుకుంది. తప్పు యంత్రానిది కాదు, నాది. నా మెడలోది. తాడు తీయమని ఎవరూ నన్ను అడగలేకపోయారు, మిమ్మల్ని మాత్రం...

ఆమె తెల్లకోటు చూడగానే బొజ్జన్న ఒళ్ళు ముడుచుకుంది. భార్య అతని మోచేయి గట్టిగా పట్టుకుంది. అతను ఎవరూ అడక్కుండానే, తల వంచి, రెండు చేతులూ ముందుకు చాపాడు, వేళ్ళు విప్పి, వాసన చూసుకోమన్నట్టు. 

పొద్దున అద్దం ముందు తన మెడ మీద ఆరిన వాసనే, ఆ చేతుల మీదనుంచి మెల్లగా వచ్చి ఆమెకి తగిలింది.